నా ఆవకాయ జాడీలో కొరియా చేప

న్యూజిలాండ్‌లోని హెండర్సన్‌లో మేముండే అద్దె ఇంటికి మూడు నెలలకొకసారి ఒక పండగ వస్తుంది. దాని పేరు ఇన్‌స్పెక్షన్. ఇల్లు ఎలా ఉంచుకున్నామో చూసి పోవడానికి ఏజెన్సీ నుంచి ఒక అమ్మాయి ట్యాబ్లెట్ పట్టుకుని వస్తుంది. ఆ అమ్మాయి వస్తుందంటే వారం ముందు నుంచే మా ఇంట్లో పోపు బంద్. ఇంగువ డబ్బా కారు డిక్కీలోకి వెళ్ళిపోతుంది. మావారు సబ్బునీళ్ళ బకెట్టు పట్టుకుని గోడలు తుడుస్తారు. నల్గొండలో మా పెళ్ళికి కూడా వాళ్ళింట్లో ఇంత శుభ్రం చేయలేదని ఆయనే ఒప్పుకున్నారు.

దీనికంతటికీ మూలం ఒకసారి రిపోర్టులో రాసిన ఒక్క ముక్క. 'వంట వాసన ఎక్కువగా ఉంది' అని. వండుకునే ఇంట్లో వంట వాసన కాక మరేం వస్తుందని అడగాలనిపించింది. అడిగితే ఇల్లు ఖాళీ చేయమంటారని మావారు నా నోరు మూయించారు. అప్పటి నుంచి పొయ్యి గ్యారేజీకి మారింది, కారు వానలోకి మారింది. ఇక్కడ మనవాళ్ళ ఇళ్ళలో చాలావాటికి ఇదే వాస్తు. కారు కోసం కట్టిన గదిలో వంట చేస్తాం. వంట కోసం కట్టిన గదిలో పళ్ళబుట్ట పెట్టి చూసుకుంటాం.

ఒక శనివారం ఆ గ్యారేజీలో ఎండుచేపలు వేయిస్తున్నాను. పక్కింటి కంచె మీద ఒక తల లేచింది. తెల్లగా నెరిసిన, ఉంగరాలు తిరిగిన జుట్టు. కళ్ళు మూసుకుని ఉంది. ఇంకేముంది, వాసన మీద ఫిర్యాదు అనుకుని పొయ్యి ఆర్పేశాను. తల కళ్ళు తెరిచి, "ఎందుకు ఆపావు?" అంది.

ఆవిడ పక్కింటి కొరియా ఆంటీ. అంతకుముందు చెయ్యి ఊపుకోవడం తప్ప మా మధ్య మాటల్లేవు. ఆవిడ ఇంగ్లీషు, నా ఇంగ్లీషు రెండూ కుంటివే. రెండు కుంటివాళ్ళు ఒకరి భుజం ఒకరు పట్టుకుని నడిచినట్టు అప్పటి నుంచి మాట్లాడుకున్నాం. ఇక్కడ నాకర్థమైనంత తెలుగులో రాస్తున్నాను.

ఆవిడది కొరియాకు నైరుతి మూల సముద్రంలో విసిరేసినట్టుండే హుక్సాన్ దీవులు. మోక్పో అనే రేవు నుంచి పడవలో పోవాలట. హుక్సాన్ అంటే నల్లకొండ అని చెప్పింది. మాదీ నల్లకొండే అన్నాను. ఆవిడ సంబరపడి, "మీదీ దీవేనా?" అంది. మాకు సముద్రమే లేదని చెబితే పాపం జాలిపడింది.

ఆ దీవుల చుట్టూ మన టేకు చేపలాంటిది, బల్లపరుపుగా ఉండేది, ఒకటి దొరుకుతుంది. హోంగొ అంటారు. దీవి వాళ్ళు దాన్ని పచ్చిగానే కోసుకు తింటారు. పూర్వం పడవల్లో వేసుకుని అవతలి ఒడ్డున నది మీదుగా పైకి పోయేసరికి రోజులు పట్టేదట. మిగతా చేపలన్నీ కుళ్ళిపోయేవి. ఇది మాత్రం కుళ్ళకుండా ఊరేది. ముక్కు బద్దలయ్యే వాసన వేసేది. తిన్నవాళ్ళు చావలేదు సరికదా, ఇంకా పెట్టమన్నారు. నది ఒడ్డు వాళ్ళకి ఆ వాసన లేకపోతే ఇప్పటికీ ముద్ద దిగదట. అక్కడ హోంగొ పెట్టని పెళ్ళి పెళ్ళి కాదు, చావు చావు కాదు. ఆంటీ దీవి పిల్ల, ఆవిడ భర్త నది ఒడ్డు మనిషి. పెళ్ళయిన కొత్తలో ఆ చేప చూసి ఏడ్చిందట. తరువాత నలభై ఏళ్ళు తన చేత్తో ఊరవేసి పెట్టింది.

ఆయన పోయి ఏడాది కావస్తోంది. మొదటి సంవత్సరీకానికి ఆయన ముందు ఆ చేప పెట్టాలి. ఆవిడకున్న కోరిక అదొక్కటే.

అడ్డు ఎవరంటే కొడుకు. అతనికి ఇల్లు అమ్మి ఊరికి ఉత్తరాన కొత్తది కొనాలని ఉంది. ఆదివారం ఆదివారం ఓపెన్ హోమ్. కొనేవాళ్ళు వచ్చి గదులన్నీ తిరుగుతారు కాబట్టి ఇల్లంతా వెనిల్లా కొవ్వొత్తుల వాసన రావాలట, మనుషులు బతికిన వాసన రాకూడదట. తల్లి కొరియా నుంచి పెట్టెలో దుప్పట్లు చుట్టి తెచ్చుకున్న ఊరవేసే మట్టికుండలో మట్టి నింపి, కాక్టస్ నాటి, గుమ్మం పక్కన అందానికి పెట్టాడు. వచ్చినవాళ్ళు దానికి ఫొటోలు తీసుకుంటున్నారట.

"నీ దగ్గర జాడీ ఉందా?" అంది ఆంటీ.

ఉంది. ఉన్నది ఒక్కటే. మా అమ్మమ్మది, ఆవకాయ జాడీ. తెలుగువాళ్ళ ఇంట్లో ఆవకాయ జాడీ అడగడం, మంగళసూత్రం ఒకసారి ఇలా ఇవ్వు అని అడగడం దాదాపు ఒకటే. అందులో చేప పడితే ఇక ఆ జన్మకు మామిడికాయ ఎరగదు. నాలిక చివరిదాకా లేదనే మాట వచ్చింది. కంచె మీద ఆ ముఖం చూసి, ఉందన్నాను. జాడీతోబాటు మా గ్యారేజీ మూల కూడా ఇచ్చేశాను.

ఆవిడ చేప తెచ్చి, తోటల్లో మొక్కల మొదట్లో పరిచే బఠానీ గడ్డి తెచ్చి, ఒక వరస గడ్డి, ఒక వరస చేప పేర్చి మూత పెట్టి గుడ్డ కట్టింది. ఆ పొరలు చూస్తుంటే మా అమ్మమ్మ ఆవ, కారం, ముక్కలు పేర్చడం గుర్తొచ్చింది.

అంతవరకూ బాగానే ఉంది. తరువాత గోదావరి అంకుల్ వచ్చాడు.

మా వీధి చివర ఉండే ఈయనది నర్సాపురం దగ్గర. చేప గురించి భూగోళం మీద తనకు తెలియనిది లేదని ఆయన నమ్మకం. నల్గొండ వాళ్ళకు చెరువులో కొర్రమీను తప్ప ఏదీ తెలియదని ఇంకా గట్టి నమ్మకం. తండ్రి తద్దినానికి ఇక్కడ కాకులు దొరక్క సముద్రపు కొంగలకు పిండం పెట్టి, న్యూజిలాండ్ కాకులివే అని ప్రకటించిన మనిషి. నేను డ్యూటీలో ఉండగా వచ్చి గ్యారేజీలో జాడీ చూశాడు.

"ఏవండీ, చేపని ఐసు లేకుండా పెడతారటండీ ఎక్కడైనా? పాపం పెద్దావిడ, తెలీక పెట్టేసుంటారు" అన్నాడట మావారితో. మావారు ఎవరికీ కాదని చెప్పలేరు, అది నేను పెళ్ళికి ముందు సుగుణం అనుకున్నాను. ఇద్దరూ కలిసి గ్యారేజీ ఫ్రిజ్ కింది అర తీసేసి, జాడీని లోపలికి దూర్చి, చల్లదనం పూర్తిగా పెంచారు. అంకుల్ చేతులు కడుక్కుని, టీ తాగి, ఒక ముసలావిడ చేపను కాపాడానన్న తృప్తితో వెళ్ళిపోయాడు. మావారు నాకు చెప్పడం మరిచిపోయారు. మూలన జాడీ కనిపించకపోతే ఆంటీయే తీసుకెళ్ళిందనుకున్నాను.

సంవత్సరీకం ఇంక వారం ఉందనగా ఆంటీ వచ్చి జాడీ ఏదని వెతికింది. మావారికి అప్పుడు గుర్తొచ్చింది, ఫ్రిజ్‌లోంచి తీశాం. గుడ్డ విప్పి, మూత తీసి, మూతిలో ముఖం పెట్టి గుండెల నిండా పీల్చింది. మళ్ళీ పీల్చింది.

"వాసన లేదు" అంది.

మూత మీద చేయి పెట్టుకుని నిలబడింది. నాకు అంకుల్‌ని గోదాట్లో ముంచాలనిపించింది, గోదావరి దగ్గర్లో లేకపోయింది.

"ఏం చేసిండ్రో సమజైతుందా?" అని మావారిని అడిగాను.

"మంచికే పెట్టినం గద" అన్నారాయన.

అప్పుడు నాకు ఇడ్లీపిండి గుర్తొచ్చింది. ఆగస్టు చలిలో ఈ దేశంలో పిండి పులవాలంటే ఒకటే చోటు, వేడినీళ్ళ సిలిండర్ ఉండే అల్మారా. వచ్చిన కొత్తలో ఎవరో చెప్పిన రహస్యం, ఇప్పుడు మనవాళ్ళు దేవుడి గది కంటే దాన్నే ఎక్కువ నమ్ముతారు. ఆంటీని చేయి పట్టుకుని ఇంట్లోకి తీసుకెళ్ళి అల్మారా తలుపు తీశాను. ముందురోజు పెట్టిన పిండి పొంగి, గిన్నె మూతను పైకి లేపుతోంది. ఆవిడ వంగి వాసన చూసింది. వేలితో ఒక బుడగ నొక్కింది. నా వంక చూసి తల ఊపింది. ఇక నేను విప్పి చెప్పవలసింది ఏమీ లేకపోయింది. ఇడ్లీపిండి పక్కన జాడీని పెట్టి, పాత రగ్గు కప్పాం.

మర్నాడు ఈమెయిల్. ఇన్‌స్పెక్షన్. సరిగ్గా సంవత్సరీకానికి ముందురోజు.

మూడోనాటికి అల్మారా తలుపు సందులోంచి వాసన మొదలైంది. ఐదోనాటికి హాల్లో కూర్చుంటే కళ్ళు మండాయి. ఎలాంటి వాసనంటే, ఎర్రబస్సు ఆగే స్టాండులో మూత్రశాల వెనకగోడ దగ్గర మధ్యాహ్నం నిలబడ్డట్టు. ఆంటీ మాత్రం రోజూ వచ్చి, పీల్చి, పసిపిల్ల బరువు పెరిగిందని విన్న తల్లిలా వెళ్ళేది.

మావారు వణికిపోయారు. "ఒక్కపూట కార్ల పెడదామే. ఆ పిల్ల పోంగనే మల్ల తెద్దాం. ఇల్లు పోతే ఏడికి పోతం?"

"ఇంగువ డబ్బా దిక్కులేనిదాని లెక్క డిక్కీల తిరుగుతాంది, సాలదా?" అన్నాను. "చలిల పెడితే మల్ల ఆగిపోతది. జాడి ఈడ్నించి కదలదు." నిజానికి నాకూ భయంగానే ఉంది. ఈ బాడుగకు ఇంకో ఇల్లు దొరకదు. కానీ నా పోపును గ్యారేజీకి తరిమినప్పుడు నోరు మూసుకున్నాను, ఇంకొక ఆవిడ మొగుడి సంవత్సరీకాన్ని కూడా వాన్లోకి నెట్టడం నావల్ల కాలేదు.

ఏజెన్సీ అమ్మాయి వచ్చింది. గుమ్మంలోనే ఆగి ముక్కు ఎగబీల్చింది. మావారు గోడకు ఆనుకున్నారు. అమ్మాయి వంటింట్లోకి వెళ్ళింది, బాత్రూమ్‌లోకి వెళ్ళింది, సిలిండర్ కారుతోందేమో చూడాలని అల్మారా తలుపు తీసింది. లోపలి గాలి ఒక్కసారిగా ముఖాన కొట్టింది. కళ్ళలోంచి నీళ్ళు కారాయి. తలుపు మూసి, కళ్ళు తుడుచుకుని, నా వైపు తిరిగింది.

"అబ్బ, ఏం క్లీన్ చేశారండీ! ఏ క్లీనర్ వాడారు?" అంది.

ఇక్కడ బాత్రూములు కడిగే మందుల్లోనూ ఇదే అమ్మోనియా ఘాటని అప్పుడు గుర్తొచ్చింది. "కొరియాది" అన్నాను. అబద్ధం కాదు. అమ్మాయి ట్యాబ్లెట్‌లో రాసుకుని, మిగతా అద్దెవాళ్ళు కూడా ఇలా ఉంటే ఎంత బాగుండు అంటూ వెళ్ళిపోయింది. జీలకర్ర, కరివేపాకు వాసన మురికి. ఊరిన చేప వాసన పరిశుభ్రత. ఆ రిపోర్టు నా దగ్గర భద్రంగా ఉంది. మా ఇంటికి వచ్చిన ఒకే ఒక్క ప్రశంసాపత్రం అదే.

మర్నాడు సాయంత్రం సంవత్సరీకం మా గ్యారేజీలోనే జరిగింది. వాళ్ళింట్లో వీల్లేదు, తరువాతి రోజు ఓపెన్ హోమ్. పొయ్యి పక్కకు జరిపి బల్ల వేసి, తెల్లబట్ట పరిచి, ఆయన ఫొటో పెట్టి, అన్నం, సూపు, పళ్ళు సర్దింది ఆంటీ. మధ్యలో పళ్ళెంలో గులాబీరంగు ముక్కలు. ఆయన రావడానికి గ్యారేజీ తలుపు కొంచెం ఎత్తి ఉంచమంది. అంకుల్ తప్పు దిద్దుకోవడానికి చేపల పులుసు చేసి తెచ్చాడు. ఆంటీ ఆ ఎరుపు చూసి గిన్నె తీసుకెళ్ళి వాషింగ్ మెషీన్ మీద పెట్టింది.

"మిరపకారం ఉంటే చనిపోయినవాళ్ళు రారు" అంది.

"ఇదెక్కడి చోద్యవండీ, మా నాన్నగారైతే కారం లేకపోతే రారు" అని గొణిగాడు అంకుల్.

కొడుకు ఆలస్యంగా వచ్చాడు. సూటు, బూటు, చేతిలో ఫోను. లోపలికి అడుగు పెట్టగానే ముఖం ముడుచుకుంది. తల్లి వైపు చూడకుండా ఫొటో ముందు మోకరిల్లి, నేలకు తల ఆనించి లేచాడు. ఇక వెళ్ళిపోతాడనుకున్నాను. ఆవిడ పళ్ళెం పట్టుకుని అడ్డంగా నిలబడింది. తప్పదన్నట్టు ఒక ముక్క తీసుకుని నోట్లో వేసుకున్నాడు.

మేమందరం అతని నోటి వంకే చూస్తున్నాం. అప్పటికే అంకుల్ ఒక ముక్క తిని, భూగోళం మీద తనకు తెలియని చేప ఒకటుందని కళ్ళనీళ్ళతో ఒప్పుకుని బయట గాలికి నిలబడ్డాడు. కొడుకు నమిలాడు. నిదానంగా, చాలాసేపు. ఏదో అన్నాడు కొరియాలో. ఆంటీ పళ్ళెం పట్టుకున్న చేయి ఆగిపోయింది. ఏమన్నాడని నేను అడిగితే అతనే ఇంగ్లీషులో చెప్పాడు.

"సరిగ్గా ఊరలేదు. నాన్నయితే దీన్ని పచ్చిది అనేవాడు."

ఏడాదిగా ఆ ఇంట్లో నాన్న అనే మాట వినపడలేదని ఆంటీ తరువాత చెప్పింది. అప్పుడు మాత్రం నా భుజం మీద చేయి వేసి గట్టిగా పట్టుకుంది. కొడుకు ఇంకొక ముక్క తీసుకున్నాడు, ఇంకొకటి. తరువాత ఫోను బల్ల మీద పెట్టి, ఎత్తి ఉంచిన తలుపు కింద నుంచి వంగి బయటికి వెళ్ళాడు. వాసనకు తట్టుకోలేకపోయాడని మావారు నా చెవిలో అన్నారు.

కాసేపటికి తిరిగొచ్చాడు. రెండు చేతులా తల్లి మట్టికుండను హత్తుకుని ఉన్నాడు. సూటు నిండా మట్టి. కాక్టస్ ముళ్ళు గుచ్చుకుని వేళ్ళు నెత్తురోడుతున్నాయి. మా గ్యారేజీ పంపు కింద గొంతుక్కూర్చుని కుండ కడగడం మొదలుపెట్టాడు. ఆంటీ వెళ్ళి పక్కన నిలబడి చూసింది.

"లోపల కూడా రుద్దు" అంది.