ట్యాంకర్ జురాండిర్ కడుపుమంట

మా లోయ పోలీసు హెలికాప్టర్‌కి నేను మెకానిక్‌ని. సార్జెంట్ జురాండిర్ దానికి ఇంధనం మోసే ట్యాంకర్ నడిపేవాడు. అది పైన ఎగురుతుంటే, కింద ఎక్కడో మట్టిరోడ్డు మీద దుమ్ము రేపుకుంటూ ఇతను వెళుతుండాల్సిందే. పెద్ద పని పడితే ముందుగా వెళ్ళి, ఏ ఫుట్‌బాల్ మైదానంలోనో ట్యాంకర్ ఆపి, గాలివాటం చూసి, జనాన్నీ కుక్కల్నీ అవతలికి తోలి, హెలికాప్టర్ దిగగానే ఇంధనం పట్టి పంపేవాడు. లేకపోతే అది మళ్ళీ మా షెడ్డు దాకా రావాలి. ఆలోపు అక్కడ మనిషి దక్కకపోవచ్చు.

అతను కోరుకున్న కొలువు అది కాదు. హెలికాప్టర్ తలుపు దగ్గర కూర్చుని, అవసరమైతే కిందికి దిగి మనుషుల్ని ఎక్కించే సిబ్బందిలో చేరాలని ఆశ. స్నేహితుడు ఒజియాస్, తనూ కలిసే పరీక్షలకి వెళ్ళారు. ఒజియాస్‌ని తీసుకున్నారు. జురాండిర్‌కి ఎడమ చెవి మందమని డాక్టరు పక్కన పెట్టేశాడు. ఆ రోజు నుంచీ ఒజియాస్ నవ్వినా తప్పే, తుమ్మినా తప్పే.

బడుల్లో మా హెలికాప్టర్‌ని చూపించడానికి తీసుకెళితే పిల్లలు ఒజియాస్ చుట్టూ మూగేవాళ్ళు.

"నీ ట్యాంకర్ పక్కన కూడా ఒక ఫొటో దిగమందామా?" అని నేను ఉడికించేవాణ్ణి.

"అది లేకపోతే మీ పక్షి కోడిపెట్టతో సమానం. చెప్పు వాళ్ళకి" అనేవాడు జురాండిర్.

అతని ఉక్రోషంలో న్యాయం కూడా లేకపోలేదు. మా జీతాలూ, మరమ్మతులూ రాష్ట్ర పోలీసు శాఖ ఇస్తుంది. ప్రమాదాల్లో దెబ్బ తిన్నవాళ్ళని ఆసుపత్రికి మోస్తాం కాబట్టి, మాతో ఎగిరే డాక్టరు, నర్సు, మందుల ఖర్చు ఆరోగ్య శాఖది. ఇంధనానికి లోయలోని ఊళ్ళన్నీ తలా కొంత వేసుకుంటాయి. ఏ మేయరుకైనా కోపం వస్తే ముందు ఆగేది ఆ వాటాయే. అప్పుడు చిన్నాచితకా దొంగతనాలకి ఎగరడం మానేసి, ప్రాణం మీదికొచ్చిన పిలుపులకి మాత్రమే వెళతాం. ఇన్ని చేతులు డబ్బిస్తున్నా ట్యాంకర్ టైర్లు మాత్రం ఎవరి వాటాలోకీ రాలేదు. అరిగి నున్నటి గుండులా అయ్యాయి. జురాండిర్ అడిగినప్పుడల్లా "చూద్దాం" అనేవాళ్ళు.

ఆ ఏడు కార్నివాల్ పండగ ముందు నది పొంగింది. దిగువ పేటలో ఇళ్ళు పైకప్పుల దాకా మునిగాయి. ఆ పేటలోనే జురాండిర్ తల్లి జుల్మీరమ్మ ఉండేది. ఆమె కప్పెక్కి కూర్చుందని అతనికి తెలుసు. అయినా పడవ కోసం పరుగెత్తకుండా, అరిగిన టైర్లతోనే బురదలో పడి లేస్తూ చర్చి వెనక మైదానానికి ట్యాంకర్ చేర్చాడు. హెలికాప్టర్ దిగినప్పుడల్లా ఇంధనం పట్టాడు. మూడో విడతలో అందులోంచి దిగింది వాళ్ళమ్మే. ఒజియాస్ చేతుల్లో, పసిపిల్లలా.

ఆమె కొడుకుని చూసి, "నువ్వెక్కడున్నావురా ఇంతసేపూ?" అంది.

అంతే. వరద తీశాక ఇక ప్రతి ఆదివారం జుల్మీరమ్మ ఇంట్లో వేడి వేడి చీజు రొట్టెలు ఒజియాస్‌కే ముందు. దేవుడి పటం పక్కన ఒజియాస్ ఫొటో. పిలవకుండా వచ్చిన చుట్టంలా సొంత కొడుకు చివర కూర్చునేవాడు.

ఒక ఆదివారం, ఒజియాస్ రాకముందు, ఆమె మురిసిపోతూ చెప్పింది. "నేను అందనంత దూరంలో ఉన్నానని, ఆ బిడ్డ నడుముకున్న పట్టీ విప్పేసి మరీ పెంకుల మీదికి వచ్చాడురా."

జురాండిర్ ఆ మాట మళ్ళీ చెప్పించుకున్నాడు. గాల్లో ఉన్నంతసేపూ మనిషిని హెలికాప్టర్‌కి కట్టి ఉంచే పట్టీ అది. దాన్ని విప్పకూడదన్నది మాకు మొదటి పాఠం. తలుపు దగ్గర ఉండే రెండో మనిషీ, డాక్టరూ, నర్సూ, బరువు తగ్గించడానికి, ఆ విడత ఒడ్డునే ఉండిపోయారు. పైలట్లకి ఆ వైపు కనబడదు. కాబట్టి ఎవరూ చూడలేదు.

మర్నాడు మా దళం అధికారి మేజర్ తెల్మా అందరినీ కూర్చోబెట్టి వరద పనిని సమీక్షించింది. "శిక్షించడానికి కాదు, నేర్చుకోవడానికి అడుగుతున్నా. పద్ధతి తప్పిందేమైనా ఉందా?"

జురాండిర్ లేచాడు. "మేడమ్, మా అమ్మ ఒక మాటంది."

ఒజియాస్ కాదనలేదు. మళ్ళీ శిక్షణ పూర్తయ్యేదాకా ఎగరవద్దన్నారు. మేయర్లు అతనికి మెడల్ వెయ్యడానికి పెట్టుకున్న సభ ఆగింది. దాని కోసం కొత్త గౌను కుట్టించుకున్న జుల్మీరమ్మ, "ఎవడ్రా ఆ చాడీలు చెప్పినవాడు?" అని కొడుకు ఎదుటే ఒజియాస్‌ని నిలదీసింది.

"ఎవరూ కాదమ్మా. నేనే ఒప్పుకున్నా" అన్నాడు ఒజియాస్.

ఆ మాట జురాండిర్‌ని కాల్చేసింది. "అందులోనూ వాడే గెలిచాడు" అన్నాడు నాతో. వారం తిరక్కుండా తల్లి దగ్గరికి వెళ్ళి, చెప్పింది తనేనని చెప్పేశాడు.

ఆమె తోముతున్న గిన్నె పక్కన పెట్టింది. "ఆ పిల్లవాడు పడిపోతాడని చెప్పావా, నీ కడుపుమంటతో చెప్పావా?"

"రెండూ అమ్మా."

"ఏది ఎక్కువ?"

ఆమె ఆ పూట అతనికి కాఫీ ఇవ్వలేదు.

ఎగరడం ఆపిన ఒజియాస్‌ని మేజర్ ట్యాంకర్ మీద వేసింది. పక్కపక్కన కూర్చుని రోజంతా తిరగడం. ఒకసారి ఘాట్ రోడ్డు మీద వర్షంలో ట్యాంకర్ జారి లోయ అంచున ఆగింది. ఒజియాస్ కిందికి దిగి, టైరు మీద అరచెయ్యి పెట్టి చూశాడు.

"వీటి మీదేనా వరదలో వచ్చావు?"

"మరి రెక్కలున్నాయా నాకు?"

మేయర్ల సమావేశంలో ఊళ్ళ వాటాల గురించి మాట్లాడుతుంటే ఒజియాస్ ఒక్క నిమిషం అడిగి లేచాడు. ట్యాంకర్ టైర్ల మాట చెప్పాడు. మైదానంలో ఇంధనం లేకపోతే ఆ రోజు మూడో విడత ఉండేది కాదన్నాడు. నెలలోపు కొత్త టైర్లు వచ్చాయి.

జురాండిర్ వాటిని చేత్తో తట్టి చూసి, "ఆరేళ్ళు అడిగాను. వాడు ఒక్కసారి నోరు తెరిస్తే వచ్చాయి" అన్నాడు. సంతోషమో ఏడుపో తేల్చుకోలేని ముఖం. బిగించేటప్పుడు మాత్రం నన్ను దగ్గరికి రానివ్వలేదు.

ఒజియాస్ తిరిగి ఎగిరాడు. తర్వాత కొత్తవాళ్ళకి నేర్పడానికి రాజధానికి వెళ్ళాడు. జురాండిర్ ట్యాంకర్ మీదే పదవీ విరమణ చేసి, ఇప్పుడు తల్లిని తన దగ్గరే పెట్టుకున్నాడు. మొన్న కలిసినప్పుడు, "అసూయ పోయిందా?" అని అడిగాను.

"తగ్గింది. వాడు ప్రతి వారం ఫోన్ చేస్తాడు. నేనెత్తితే ఏమంటాడో తెలుసా? 'బాగున్నావురా? సరే, అమ్మకివ్వు' అంటాడు. మరి ఎలా పోతుంది?" అన్నాడు.