సత్తివేణి అని రాసిన మేష్టారు

మొన్న సోమవారం పొద్దున్న భీమవరంలో ఆఫీసుకి ఆటో ఎక్కబోతుంటే మా ఊరి స్నేహితురాలు ఫోన్ చేసింది. "ఏమే, మేష్టారు పోయారే. తెల్లారగట్ల నిద్రలోనేనట" అంది. ఏ మేష్టారని నేను అడగలేదు, తనూ చెప్పలేదు. మా ఇద్దరికీ అక్షరాలు దిద్దించింది ఒక్కరే. ఆటో అతనితో బస్టాండుకి పోనివ్వమన్నాను. నేను వెళ్ళేసరికి అంతా అయిపోయింది. మేష్టారి భార్య అరుగు మీద కూర్చుని ఉన్నారు. పేరు చెప్పగానే "నువ్వా తల్లీ" అని నా చెయ్యి పట్టుకుని చాలాసేపు వదల్లేదు.

నా పేరు సత్తివేణి. చదివేవారు అచ్చుతప్పు అనుకోవద్దు. పదో తరగతి సర్టిఫికెట్ నుంచి నిన్నటి జీతం చీటీ దాకా ఇదే పేరు. ఇలా ఎందుకుందో చెప్పాలంటే మా మేష్టారి గురించి చెప్పాలి.

మా ఊరి బడి కాలవ గట్టు మీద రెండు గదుల పెంకుటిల్లు. ఆయనే హెడ్మాస్టరు, ఆయనే మొదటి తరగతి పంతులు, వానొస్తే కారేచోట బకెట్టు పెట్టేదీ ఆయనే. సుద్దముక్క వడ్రంగి పెన్సిల్లా చెవి మీద పెట్టుకుని మరిచిపోయి, దానికోసం బల్లంతా వెతికేవారు. మేం కిసుక్కుమంటే "చెబితే మీ సొమ్మేం పోయిందర్రా!" అని ఆయనా నవ్వేసేవారు.

జూన్‌లో పిల్లల్ని చేర్చుకునేటప్పుడు ఆయనకో పట్టుదల ఉండేది. తండ్రులొచ్చి పేరు చెబితే రిజిస్టర్లో ఎక్కించేవారు కాదు. "మీరు చెప్పింది విన్నానండి. వాళ్ళమ్మ గార్ని కూడా ఓసారి రమ్మనండి" అనేవారు. ఊడ్పుల రోజుల్లో ఇదేం చాదస్తమని రైతులు విసుక్కునేవారు. "ఇరవై నాలుగ్గంటలూ ఆ పేరు పిలిచేది ఆవిడ. నేనూ మీరూ ఎంత?" అనేవారు ఆయన. తల్లులు చేతులు కడుక్కుని, కొంగు భుజం మీదకి లాక్కుని వచ్చి గుమ్మం పక్కన నిలబడి చెప్పేవారు. అప్పుడు కలం మూత తీసేవారు.

అవన్నీ పెద్దయ్యాక తెలిసిన సంగతులు. చిన్నప్పుడు నాకు తెలిసిందల్లా మేష్టారు నా పేరు తప్పు రాశారని. మా నాయనమ్మ పేరు సత్యవేణి. ఊరంతా సత్యవేణమ్మ గారనేవారు. ఆవిడ పేరే నాకు పెట్టారని నాన్న చెప్పేవారు. మరి రిజిస్టర్లో సత్తివేణి ఎందుకయింది? ఈయనకి య వత్తు రాక, అనుకున్నాను. పంతులికి య వత్తు రాదనుకున్న నా తెలివికి ఇప్పుడు నవ్వొస్తుంది.

రెండో తరగతిలో ఉండగా మా అమ్మ పచ్చకామెర్లతో పోయింది. ఆ తర్వాత హాజరు పిలిచేటప్పుడు నా పేరు దగ్గరికొచ్చేసరికి మేష్టారు గొంతు తగ్గించేసేవారు. అందరినీ గట్టిగా పిలిచి నన్ను మాత్రం గొణిగేవారు. తప్పు రాసినందుకు సిగ్గుపడుతున్నారు కాబోలనుకుని లోపల్లోపల సంతోషించాను కూడా.

హైస్కూల్లో అసలు బాధ మొదలైంది. సత్తివేణి అనగానే వెనక బెంచీలోంచి "సత్తు గిన్నే" అని ఒకత్తి, "సత్తు తపేలా" అని ఇంకొకత్తి. నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది. ఒకత్తి జడ పట్టుకుని లాగి, ఎండలో నిలబడి కూడా వచ్చాను. పదో తరగతి పరీక్షలకి పేర్లు పంపే రోజులొచ్చాయి. ఒకసారి సర్టిఫికెట్ మీద పడితే చచ్చేదాకా అదే పేరు. మార్చుకోవాలంటే మొదట చేరిన బడి నుంచి కాగితం తెచ్చుకోమన్నారు ఆఫీసు గుమాస్తా గారు. ఆ శనివారమే సైకిలెక్కాను. దారంతా మేష్టార్ని ఏమని కడిగెయ్యాలో అనుకుంటూనే తొక్కాను.

ఆయన వరండాలో పలకలు తుడుస్తున్నారు.

"మేష్టారండీ, మీరు నా పేరు తప్పు రాశారండి."

కోప్పడతారనుకున్నాను. కళ్ళజోడు పంచె అంచుతో తుడుచుకున్నారు. బీరువాలోంచి పాత రిజిస్టరు తీసి, దాని గుడ్డ విప్పి, నా పేరున్న పేజీ నా ముందు పెట్టారు.

"ఇది నేను రాసింది కాదమ్మా. మీ అమ్మ రాయించింది."

నాకు అర్థం కాలేదు.

"నేను సత్యవేణి అని రాయబోయాను. మీ అమ్మ ఆపింది. 'అది మా అత్తగారి పేరండీ, నా నోటితో అనకూడదు కదండీ. రేపు దీన్ని తిట్టాలన్నా కొట్టాలన్నా ఆవిణ్ణే అన్నట్టుంటుంది. నేను సత్తివేణి అని పిలుచుకుంటానండి, అలాగే రాసేయండి' అంది. మీ నాన్నకి చెప్పొద్దంది, నవ్వుతారని. సరేనమ్మా అన్నాను."

మా వైపు ఇది ఉన్నదే. అత్తగారి పేరు పెట్టిన పిల్లని కోడళ్ళు బుజ్జనో పాపాయనో పిలుస్తారు. మా అమ్మ మాత్రం నా పేరు నాకే ఉంచి, తిట్టుకోవడానికి వీలుగా కాస్త మార్చుకుంది. అదేం వింత పేరు కాదన్నారు మేష్టారు. సత్తెమ్మ తల్లి, సత్తిరాజు, సత్తిబాబు, అందరూ ఒక్క సత్యం పిల్లలేనట. "పుస్తకంలో సత్యం ఇస్త్రీ చొక్కా. మనవాళ్ళ నోట్లో ఉతికి ఉతికి మెత్తబడి సత్తి అయింది. తొడుక్కోవడానికి ఏది సుఖమో నువ్వే చెప్పు" అన్నారు.

అంతా చెప్పి, కలం మూత తీసి పట్టుకున్నారు. "పేరు నీది. మార్చమంటే ఇప్పుడే కాగితం రాసిస్తాను. తెలిసి మార్చుకో అని చెప్పానంతే."

అమ్మ మొహానికి ఇంట్లో ఫొటో ఉంది. చీరలు రెండు పెట్టెలో ఉన్నాయి. గొంతు మాత్రం నాకు గుర్తు లేదు. ఎంత తవ్వుకున్నా రాదు. ఆ సంగతి అప్పటిదాకా ఎవరికీ చెప్పలేదు, నాన్నకి కూడా. పిల్లకి తల్లి గొంతు గుర్తు లేదంటే ఎంత తప్పో అనుకునేదాన్ని. ఆ రోజు ఎందుకో మేష్టారితో అనేశాను.

"అమ్మ నన్నెలా పిలిచేదండీ? నాకు గుర్తు లేదండి."

ఆయన కలం బల్ల మీద పెట్టేశారు. తర్వాత లేచి, గట్టు మీదకి నడిచారు. వెనకే వెళ్ళాను.

"మీ ఇల్లు అవతలి గట్టున కదా. బడి వదిలే వేళకి పొయ్యి మీద ఎసరుండేది. వంతెన దాటి రావడానికి కుదిరేది కాదు. అదిగో, ఆ రేవు మెట్ల మీద నిలబడి కేకేసేది. రోజూ వినేవాణ్ణి."

పద్యం కూడా రాగం తీయకుండా చదివే మనిషి ఆయన. రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకున్నారు. చెవి మీద సుద్దముక్క అలాగే ఉంది. సిగ్గూ ఎగ్గూ లేకుండా, గొంతు సన్నం చేసుకుని, చివర బాగా సాగదీసి, కాలవ మీదుగా పిలిచారు.

"సత్తివేణీ…"

రేవులో బట్టలుతుకుతున్నవాళ్ళు తలెత్తి చూశారు. ఆయన పక్కనే, జానెడు దూరంలో నిలబడి, నేను అవతలి గట్టుకేసి గొంతు చించుకుని కేకేశాను. "ఆఁ… వచ్చేస్తన్నానమ్మా!"