కళ్ళు మూసుకున్న హీరోయిన్

సహోదరులారా, ఒక వేసవంతా నేను చీకట్లో ఉన్నాను. మాటవరసకు కాదు, నిజంగా చీకటే! ఆత్మకూరు ఆసుపత్రిలో రెండు కళ్ళకూ మందు వేసి, కట్టు కట్టి, చూపు వస్తుందో రాదో చెప్పలేమని ఇంటికి పంపితే, తెల్లవారిందని కోడి కూస్తే తప్ప నాకు తెలిసేది కాదు.

దీనికంతటికీ కారణం సినిమా. స్వరాజ్యం వచ్చిన కొత్తల్లో, స్టూడియో లేని ఒక చిన్న కంపెనీవాళ్ళు ఉదయగిరి కొండమీద ఎండ వెలుతురులోనే బొమ్మ తీస్తూ, మందిరంలో పాటలు పాడే నన్ను హీరోయిన్‌ని చేశారు. కథలో నా భర్త వచ్చే దారివైపు చేతులు జోడించి, రెప్ప వేయకుండా చూడాలి. కానీ చేతులు జోడిస్తే కళ్ళు మూసుకోవడమే చిన్నప్పటి నుంచి అలవాటైనదాన్ని, కెమెరా తిరగగానే రెప్పలు వాటంతటవే వాలిపోయేవి, ఒకసారి ఆమేన్ అని కూడా అనేశాను!

"ఏందమ్మే, నిలబడే నిద్రపోతా ఉండావా?" అన్నాడు వెండి కాగితం అంటించిన పలకతో నా ముఖం మీదికి ఎండను తిప్పే మస్తాను.

"చేతులు జోడించమన్నాను గానీ ప్రార్థన చెయ్యమన్లేదు తల్లీ! ఫిలిం అయిపోతా ఉండాది!" అని డైరెక్టరు నెత్తి పట్టుకున్నాడు.

సిగ్గేసి, మధ్యాహ్నమంతా ఆ పలకల మెరుపులోకే చూస్తూ కళ్ళు తెరిచి ఉంచడం సాధన చేశాను. సాయంత్రానికి కళ్ళు వాచి నిప్పులయ్యాయి. ఆ తరువాత ఏమీ కనపడలేదు.

నన్ను పెంచిన మా అవ్వ రోజూ నా తలమీద చెయ్యి పెట్టి గట్టిగా ప్రార్థించేది. "ప్రభువా, ఈ బిడ్డకి సినిమా వద్దు, మద్రాసు వద్దు, చూపు ఇయ్యి చాలు. బియ్యంలో రాళ్ళు నాకు కనపడవు, దీనికీ కనపడకపోతే ఇద్దరం రాళ్ళే తినాల గదా నాయనా!"

కట్టు విప్పిన రోజున అవ్వ నా ఒళ్ళో బియ్యం చేట పెట్టింది. ముందు తెల్లగా మసక, ఆ మసకలో ఒక నల్లచుక్క. వేలితో తీసి, "అవ్వా, రాయి!" అన్నాను. దేవునికే మహిమ అని అవ్వ వేసిన కేకకు వీధి వీధంతా మా వాకిట్లోకి వచ్చింది!

కంపెనీకి మళ్ళీ తీయడానికి ఫిలిం లేక, ఉన్న ముక్కలనే అతికించి ఆత్మకూరు సినిమా డేరాలో ఆడించారు. అంతటితో నా సినిమా బతుకు ముగిసింది. నేనూ అవ్వా నేలమీద కూర్చుని చూశాం. తెరమీద నేను చేతులు జోడించి కళ్ళు మూసుకోగానే జనం గొల్లుమన్నారు. అవ్వ లేచి నిలబడి అరిచింది: "గమ్మున ఉండండ్రా! మా పిల్ల ప్రార్థన చేస్తా ఉండాది!"

డేరా అంతా నిశ్శబ్దమైపోయింది, నేను మాత్రం నవ్వు ఆపుకోలేక, బాగైన ఈ రెండు కళ్ళతో నన్ను నేనే చూసుకున్నాను.

ప్రియులారా, దారి తోచని రోజున నలుగురూ నవ్వుతారని ఆగకండి, కళ్ళు మూసుకుని ఆయనను పిలవండి. ఇవాళ్టికీ మా ఇంట్లో బియ్యం ఏరేది నేనే, ఆయనకే స్తోత్రం!