పరుపులత్త కట్టిన కిస్తీలు

పరుపులత్త నోటికి వీధి వీధంతా జడిసేది. భర్త పోయాక దూది ఏకే యంత్రాన్నీ ఆ నోటినీ నమ్ముకునే ఆమె సంసారం ఈదుకొచ్చింది. అంతటి మనిషీ మరిది దగ్గర బోల్తా పడింది.

"ఒక్క సంతకం వదినా. మిగతాదంతా నేను చూసుకుంటాగా!" అన్నాడతను. రంగు చేపల దుకాణం పెడతాడట. దానికి తెచ్చే అప్పుకి ఆమె జామీను సంతకం పెట్టింది. మొదటి ఎండాకాలంలోనే రోజంతా కరెంటు పోయి చేపలన్నీ వెల్లకిలా తేలాయి. ఆ మర్నాడు మరిది కూడా సంచీతో సహా వదిన గుమ్మంలో తేలాడు.

అప్పిచ్చిన షావుకారు ఇద్దరి మీదా దావా వేశాడు. కోర్టు కాగితాలొస్తే, "నేను చూసుకుంటాలే" అన్నాడు మరిది. చూశాడు కూడా. చూసి, మడతపెట్టి, అటక మీద పడేశాడు. వాయిదాకి ఎవరూ వెళ్లకపోయేసరికి షావుకారుకి డిక్రీ వచ్చేసింది.

ఒక ఉదయం కోర్టు అమీనా వచ్చి యంత్రం జప్తు చెయ్యాలన్నాడు. పరుపులత్తకి అప్పటిగ్గానీ సంగతి తెలియలేదు. ఆమె మరిదికేసి ఒక్క చూపు చూసి, అమీనాతో అంది:

"యంత్రం పనిచేస్తుంది బాబూ, దాన్నొదిలెయ్యండి. ఇదుగో, వీణ్ణి జప్తు చేసుకోండి."

"మనుషుల్ని జప్తు చేసే వీల్లేదమ్మా," అన్నాడు అమీనా నవ్వాపుకుంటూ. "రేపే కోర్టుకెళ్లి కిస్తీల్లో కడతానని అర్జీ పెట్టుకోండి. జడ్జిగారు ఒప్పుకుంటే నేను మళ్లీ రాను."

ఆమె వెళ్లింది. నెలకెంత కట్టగలవని జడ్జిగారు అడిగితే ఒక అంకె చెప్పింది. షావుకారు వకీలు దానికి రెట్టింపు కావాలని లేచాడు.

"తమరికి నడుం నొప్పనుకుంటా వకీలుగారూ, నిలబడ్డంలోనే తెలుస్తోంది. నా యంత్రం పోతే మీకు పరుపు కుట్టేదెవరు?"

జడ్జిగారు మొహానికి కాగితాలు అడ్డం పెట్టుకుని, మధ్యస్థంగా తేల్చారు. ఒక్క కిస్తీ తప్పినా యంత్రం పోతుందన్నారు.

ఆ రోజుతో మరిది రాచరికం ముగిసింది. దూది ఏకి ఏకి బూజుకర్రలా తయారయ్యాడు. గొణుగుతూనే కుట్టు నేర్చుకున్నాడు. వానాకాలంలో బేరాల్లేక ఒక నెల కిస్తీకి డబ్బు తగ్గింది. పరుపులత్తకి అన్నం సయించలేదు. గడువు రేపనగా, మధ్యాహ్నం ఒకాయన తయారుగా ఉన్న పరుపేదైనా ఉందా అంటూ వచ్చాడు. ఉన్నది ఒక్కటే. దాని మీద మరిది గుర్రు పెడుతున్నాడు. ఆమె ఒక కొస పట్టుకుని లాగేసరికి దబ్బున నేల మీద పడ్డాడు.

"నేను పడుకున్నాను కదా వదినా!"

"అందుకేగా కాస్త తగ్గించి ఇచ్చాను."

మొత్తానికి కిస్తీలన్నీ తీరాయి. ఆఖరిది కట్టొచ్చిన రోజు పరుపులత్త మంచి దూది ఏరి, తనకోసం ఒక పరుపు కుట్టుకుంది. మర్నాడు పొద్దెక్కినా ఒళ్లెరక్కుండా నిద్రపోయింది. ఆ వేళలో వచ్చిన బేరాన్ని మరిదే చూసి రెండు పరుపులు అమ్మాడు. లేచి ధర విన్నాక, "అంత చవగ్గానా, దరిద్రుడా!" అని ఆమె అందుకున్న తిట్లు భోజనాల వేళదాకా వీధి చివరికి వినపడ్డాయి.