సగం కథలో మంచి అత్త

మా అత్తను సినిమాకు తీసుకుపోయి నా కొంప నేనే ముంచుకున్న వైనం ఇది. నవ్వండి, నేనేమీ అనుకోను.

యాభైల దశకం, రాజంపేట. నాకు పద్దెనిమిదేళ్లు. కర్నూలులో చెల్లెలి పెళ్లికి పదిహేను రోజుల ముందే పుట్టింటికి పోవాలని నా ఆశ. "రెండు దినాల ముందర పోతే సాలదా?" అనేది అత్త. ఆమె మనసు కరిగించడానికి నాకు దొరికింది టెంటు సినిమా వాళ్లు అమ్మే పాటల పుస్తకం. ఇంట్లో ఆడవాళ్లలో చదువు వచ్చింది నాకొక్కదానికే. అందులోని కథ పైకి చదివాను. కొత్త కోడలు గడప తొక్కగానే అత్త దిష్టి తీసి, తన గాజులు తొడిగి, కన్నకూతురివి అంటుందట.

"ముసిలోల్ల గురించి మంచిగా రాసినారా?" అంది అత్త నమ్మలేక.

"అచ్చులో ఉండాది, అత్తా!"

ఆ పుస్తకాల్లో సగం కథే వేసి, మిగతాది తెరమీద చూడమంటారు. ఆ సంగతి నేను పట్టించుకుంటేనా! అత్త వీధిలోని నలుగురు అత్తల్ని కూడా కేకేసింది. "రాండమ్మా, అత్తంటే ఎట్లుండాల్నో సూద్దురు!"

ఆడవాళ్ల వైపు ఇసకలో కూర్చున్నాం. మూడో పాటకల్లా తెరమీది అత్త గాజులు లాగేసుకుంది. నాలుగో పాటకు కోడలికి కూడు మాన్పించింది. ఆ పిల్ల అన్న వచ్చి పుట్టింటికి పంపమంటే, గడపకు అడ్డంగా నిలబడింది. నాకు ఒళ్లు తెలియలేదు. లేచి నిలబడి అరిచాను.

"పంపిస్తే నీ సొమ్మేం పోతాదే, ముసిల్దానా!"

టెంటులో ఆడవాళ్లంతా తెరను వదిలేసి మా అత్తను చూశారు.

దారి పొడుగునా ఆమె నాకంటే పది అడుగులు ముందే నడిచింది. పెళ్లి ప్రయాణం గంగలో కలిసిందనుకున్నాను. గుమ్మం దగ్గర ఆగి, "మ్మే, రేపే కర్నూలుకు పో" అంది.

"కోపమా అత్తా?"

"నీ మింద కాదు. ఆ కత రాసినోని మింద. తెల్లెంటికలు వస్తే సాలు, మమ్మల్ని రాచ్చసుల్ని జేస్తాడు. వానికి అమ్మ ల్యాదా?"

నాకు శానా సిగ్గేసింది, ఏడుపొచ్చింది. కాళ్లు పట్టుకోబోయాను.

"లెయ్‌లే. నేనూ వస్తాండా. పదైదు దినాలు ఆడనే ఉంటా. అత్తంటే ఎట్లుంటాదో మీవోల్లంతా సూడాల!"

వచ్చింది. చుట్టాలందరి ఎదుటా నాకు నేతి ముద్దలు కలిపి తినిపించింది. రోజూ తల దువ్వింది. అందరూ పెళ్లికూతుర్ని వదిలేసి మమ్మల్నే చూశారు. అమ్మతో ఒంటరిగా నాలుగు మాటలు మాట్లాడే యోగం నాకు లేకపోయింది.

ఇప్పుడు నేనూ అత్తనే. టీవీలో ముసలమ్మలు వ్యాపారాలు చేస్తున్నారు, రెండో పెళ్లిళ్లు కూడా చేసుకుంటున్నారు. సంతోషం. మొన్న మా కోడలు, "కొత్త సీరియల్, అత్తా! అందులో అత్త బంగారం" అంది.

"కడాకు సూసినావా?"

"ల్యా, నిన్ననే మొదలైంది."

టీవీ ఆపించాను. పాఠకులారా, మీ ఎదుట కుడిచెయ్యి ఎత్తి ప్రమాణం చేస్తున్నాను: శుభం పడేదాకా ఏ అత్త మంచితనానికీ పూచీ పడను, నాదానికి కూడా.