నూట ఎనభయ్యో అంకె

నేను లెక్కల టీచర్ని. ఈ మాట ముందే ఒప్పేసుకుంటే మిగతాది రాయడం కాస్త తేలిక. జగ్గయ్యపేటలో ఒక ప్రైవేటు స్కూల్లో ఇరవై ఏళ్లుగా ఎనిమిదో తరగతి పిల్లలకు చక్రవడ్డీ చెబుతున్నాను. అసలు, రేటు, కాలం అని బోర్డు మీద రాసి, వీటిలో ఒకటి కదిలితే ఇంకోటి కదలక తప్పదని సుద్దముక్కతో బోర్డును కొట్టి మరీ చెబుతాను. రాని పిల్లలను నిలబెట్టిన రోజులు కూడా ఉన్నాయి. అదే లెక్క సొంత ఇంట్లో పదిహేనేళ్లపాటు తప్పు చేశాను, నన్ను మాత్రం ఎవరూ నిలబెట్టలేదు.

మా ఆయన సిమెంటు ఫ్యాక్టరీలో ప్యాకింగ్ సెక్షన్లో పనిచేసేవారు. బస్తాలు నిండేది అక్కడే, దుమ్మంతా అక్కడే. పెళ్లయ్యాక తొమ్మిదేళ్లు జగ్గయ్యపేటలో అద్దె ఇంట్లో ఉన్నాం. ఇంటావిడ మోటారు వేసే టైము, మా చుట్టాలు వచ్చే టైము, మేం పాట పాడి ప్రార్థన చేసుకునే టైము అన్నీ తనే చెప్పేది. ఒకసారి మా అమ్మాయి గోడకు మేకు కొట్టిందని మూడు రోజులు నీళ్లు వదల్లేదు. ఆ మూడో రోజున నందిగామలో స్థలం చూడమని మా ఆయనకు నేనే చెప్పాను. నా బంగారం స్థలానికి పోయింది. ఆయన పీఎఫ్ స్లాబుకు పోయింది. మిగిలిన పన్నెండు లక్షలు బ్యాంకు ఇచ్చింది. నూట ఎనభై నెలలు, నెలకు పదకొండు వేల ఎనిమిది వందల పదిహేడు రూపాయలు. సంతకం పెట్టిన రోజు మా ఇద్దరికీ కనపడ్డ అంకెలు ఆ రెండే.

మా చర్చిలో ప్రతి జనవరికి వాక్యం అచ్చేసిన క్యాలెండరు ఇస్తారు. దాన్ని వంటింటి తలుపు వెనక తగిలించి, ప్రతి నెలా జీతం ఖాతాలోంచి వాయిదా పోయే అయిదో తారీఖు చుట్టూ ఎర్ర పెన్నుతో సున్నా చుట్టి పక్కన అంకె వేసేదాన్ని. ఒకటి, రెండు, మూడు. ఏడాది అయిపోగానే ఆ క్యాలెండరును పారెయ్యకుండా చుట్టి, రబ్బరు బ్యాండు వేసి, అటక మీద పెట్టేదాన్ని. వాయిదా తప్పకుండా కట్టినంతకాలం బ్యాంకు గడప తొక్కాల్సిన పని లేదనేది మా ఇద్దరి గర్వం. బ్యాంకుకు వెళ్లేది వాయిదా ఎగ్గొట్టినవాళ్లేనని మా ఉద్దేశం. ఆ గర్వానికి మేం ఎంత కట్టామో తర్వాత తెలిసింది.

ఇల్లు కట్టిన రెండో ఏడు బ్యాంకు నుంచి ఒక ఉత్తరం వచ్చింది. వడ్డీ రేటు ఎనిమిదిన్నర నుంచి పదిన్నరకు పెరిగిందని, వాయిదాలో మార్పు లేదని ఉంది. కింద చిన్న అక్షరాల్లో ఇంకేదో ఉంది. మా ఆయన మొదటి మాటకు బెదిరిపోయి, రెండో మాటకు తేలికపడ్డారు. “వాయిదా పెంచలేదంట. దేవుడి కృప కాకపోతే ఏంటి చెప్పు,” అన్నారు. ఆ ఆదివారం చర్చిలో కానుకల కవరు మీద ‘వాయిదా పెరగనందుకు కృతజ్ఞతార్పణ’ అని రాసి అయిదు వందలు వేశాం. పాస్టరు అయ్యగారు దాన్ని మైకులో చదివారు. సంఘమంతా స్తోత్రం అంది. ఉత్తరాన్ని మా ఆయన బైబిల్లో కీర్తనల దగ్గర పెట్టారు. రేటు పెరిగి, వాయిదా పెరగకపోతే, పెరగాల్సింది కాలమే. నా క్లాసులో ఆఖరి బెంచీ పిల్ల కూడా చెప్పగలిగే మాట ఇది. నాకు ఆ రోజు తట్టలేదు, ఆ తర్వాత పద్నాలుగేళ్లు కూడా తట్టలేదు.

ఎనభయ్యో అంకె దాటాక మా ఆయనకు దగ్గు పట్టుకుంది. ముందు చలికాలం దగ్గు అనుకున్నాం, తర్వాత ఎండాకాలంలో కూడా తగ్గలేదు. నందిగామలో డాక్టరు ఎక్స్‌రే చూసి, “మందులు నేను రాస్తానండీ, కానీ మీరు ఆ దుమ్ములోంచి బయటికి రాకపోతే ఇవి పనిచెయ్యవు,” అన్నాడు. కంచికచర్లలో మా బావగారికి మోటార్లు, పైపుల షాపు ఉంది. వచ్చి కూర్చోమని ఆయన ఎప్పటినుంచో అడుగుతున్నారు. అక్కడ వచ్చేది ఫ్యాక్టరీ జీతంలో సగం కూడా ఉండదు. నా జీతం, ఆ సగం కలిపితే ఇల్లు గడుస్తుంది, వాయిదా గడవదు. “లోను తీరిపోనీ. తీరిన మర్నాడు ఒక్క రోజు కూడా ఉండను,” అన్నారు మా ఆయన. అప్పటినుంచి నేను క్యాలెండరు మీద వేసేది లోను అంకె కాదు, ఆయన ఊపిరితిత్తులకు విడుదల తేదీ. మధ్యలో మా అమ్మాయి నర్సింగుకు వెళ్లింది, మిగిలిన చిల్లరా మల్లరా అటు పోయింది. ఒక్క నెల కూడా వాయిదా తప్పలేదు. ఆయన రాత్రిళ్లు కూర్చుని దగ్గేవారు, తెల్లారి అయిదున్నరకు ఫ్యాక్టరీ బస్సు ఎక్కేవారు. నేను ఇంకా నలభై, ఇంకా ముప్ఫై అని చెబుతూ టిఫిన్ క్యారియర్ చేతికి ఇచ్చేదాన్ని.

నూట ఎనభయ్యో వాయిదా పడే నెలకు ముందు నెల, ఆయన ఇక రానని ఫ్యాక్టరీలో కాగితం ఇచ్చేశారు. ఇరవై నాలుగేళ్ల సర్వీసు. సెక్షన్ వాళ్లు శాలువా కప్పారు. ఇంట్లో కృతజ్ఞతా ప్రార్థన కూడిక పెట్టుకుందామని కార్డులు కొట్టించాం. ‘గృహ ఋణ విముక్తి సందర్భంగా’ అని అచ్చేయించింది నేనే. ఆ మాట మీద ఎంత మురిసిపోయానో తలుచుకుంటే ఇప్పటికీ చెవులు వేడెక్కుతాయి. శనివారం సాయంత్రం, ఎనభై మందికి బిర్యానీ. స్థలం కాగితాలు తెచ్చి బైబిలు పక్కన పెడితే అయ్యగారు వాటి మీద చెయ్యి వేసి ప్రార్థన చేస్తానన్నారు. ఆ కాగితాల కోసమే, నూట ఎనభయ్యో వాయిదా పడ్డాక, గురువారం ఇద్దరం బ్యాంకుకు వెళ్లాం. ఆయన తెల్ల చొక్కా వేసుకున్నారు. కాగితాలు నలగకుండా ఉండాలని నేను ప్లాస్టిక్ ఫైలు కొని తీసుకెళ్లాను.

కౌంటర్లో ఉన్న అమ్మాయి మా పాత స్టూడెంట్ల ఈడుది. కంప్యూటర్లో చూసి, మళ్లీ చూసి, “ఇది క్లోజ్ అవ్వలేదు మేడమ్. ఇంకా యాభై ఆరు ఉన్నాయండీ,” అంది.

“యాభై ఆరు రూపాయలా?” అని జేబులో చెయ్యి పెట్టారు మా ఆయన.

“వాయిదాలండీ.”

ఆయన చెయ్యి జేబులోనే ఉండిపోయింది. నేను గొంతు పెంచాను. నూట ఎనభై కట్టాం, ఒక్కటి తప్పలేదు, కావాలంటే క్యాలెండర్లు తెస్తానన్నాను. ఆ పిల్ల విసుక్కోలేదు. నాలుగు పేజీలు ప్రింటు తీసి నా ముందు పెట్టింది. మొదటి నెల మేం కట్టిన పదకొండు వేల ఎనిమిది వందల పదిహేడులో ఎనిమిది వేల అయిదు వందలు వడ్డీ. రేటు పెరిగిన నెల చూస్తే పదివేల నూట ముప్ఫై ఎనిమిది వడ్డీ, అసలుకు పోయింది పదహారు వందల డెబ్బై తొమ్మిది. మేం చర్చిలో స్తోత్రం చెల్లించింది సరిగ్గా ఆ నెలకే. అప్పటికి ఇరవై ఒక్క లక్షలు పైచిలుకు కట్టేశాం. తీసుకున్న పన్నెండు లక్షల్లో ఇంకా అయిదు లక్షల ఇరవై ఒక్క వేలు మిగిలే ఉంది. మొత్తం తీరేసరికి ఇరవై ఎనిమిది లక్షలకు దగ్గరవుతుంది. ఈ లెక్కలన్నీ ఆ బల్ల మీదే ఫైలు అట్ట వెనక చేశాను. ఒక్క దాంట్లో కూడా బ్యాంకు తప్పు లేదు. ఉంటే బాగుండేది, అరవడానికి మనిషి దొరికేవాడు.

“కొత్తవాళ్లకి రేటు తక్కువుందండీ. మీరూ అప్లికేషన్ పెట్టుకుంటే మారొచ్చు. ఎప్పట్నుంచో ఉంది మేడమ్ ఆ అవకాశం,” అంది ఆ అమ్మాయి.

“మాకెవరూ చెప్పలేదే!”

“మీరు అడగలేదు కదండీ. మెసేజీలు వెళ్లాయి,” అని ఒక నంబరు చదివింది. ఆ నంబరు మా ఆయన ఏడేళ్ల కిందట పడేసిన సిమ్ముది.

బయటికొచ్చి హైవే పక్కన నిలబడ్డాం. బస్సులు వస్తున్నాయి, వెళ్తున్నాయి. నన్ను ఒక్క మాట అని ఉంటే బాగుండేది. లెక్కల టీచరువి కదా, చూసుకోవాల్సింది కాదా అని అంటారేమోనని ఎదురుచూశాను. “వంటాయనకి అడ్వాన్సు ఎంతిచ్చాం?” అని మాత్రం అడిగారు.

“ఎనిమిది వేలు.”

“తిరిగివ్వడుగా?”

“ఇవ్వడు.”

“అయితే కూడిక కానిద్దాం,” అన్నారు.

కూడిక జరిగింది. కాగితాలు ఇంకా చేతికి రాలేదని అయ్యగారికి చెబితే, ఆఫీసు పనులు అంతేనమ్మా అని ఖాళీ ఫైలు మీదే చెయ్యి వేసి ప్రార్థన చేశారు. దేవుడు చేసిన మేలు గురించి సాక్ష్యం చెప్పమంటే మా ఆయన లేచి, దగ్గొచ్చి, కూర్చుండిపోయారు. నేను లేచాను. “దేవుడు మా చేత నూట ఎనభై నెలలు ఒక్క వాయిదా కూడా తప్పకుండా కట్టించాడు,” అన్నాను. అందులో అబద్ధం ఒక్క అక్షరం లేదు. అందరూ చప్పట్లు కొట్టారు, ఒకరిద్దరు ఆడవాళ్లు కళ్లు తుడుచుకున్నారు. నాకు నా మీద పుట్టిన అసహ్యం ఆ తర్వాత తిన్న బిర్యానీతోపాటు చాలారోజులు కడుపులోనే ఉంది.

సోమవారం ఆయన ఫ్యాక్టరీకి వెళ్లి, ఇచ్చిన కాగితం వెనక్కి ఇమ్మని అడిగారు. ఆయన స్థానంలో అప్పటికే ఇంకొకర్ని వేసుకున్నారు. కాంట్రాక్టరు కిందయితే రమ్మన్నారు. అదే సెక్షన్, అదే షిఫ్టు, అదే దుమ్ము, జీతం మాత్రం నాలుగు వేలు తక్కువ. శాలువా కప్పినవాళ్ల మధ్యకే మళ్లీ వెళ్లారు. ఎందుకొచ్చావని ఎవరడిగినా “ఇంట్లో తోచట్లేదు” అని చెప్పారట. కొత్త రేటుకు అప్లికేషన్ పెట్టాం. రెండు మూడు నెలలు తగ్గాయి.

కూడికకు వచ్చినవాళ్లలో మా స్కూల్లోనే సైన్సు చెప్పే ఒక అమ్మాయి ఉంది. మా సంఘమే, కొత్తగా పెళ్లయింది. నెల తిరక్కుండానే భర్తను వెంటబెట్టుకుని ఇంటికొచ్చింది. “మీ సాక్ష్యం విన్నాక ధైర్యం వచ్చిందక్కా. మేమూ లోను పెట్టుకుందామనుకుంటున్నాం, ఏమంటారు?” అంది. చెప్పాల్సింది అప్పుడే. నోటిదాకా వచ్చింది. చెబితే, ఎనభై మంది ముందు నేను నిలబడి అన్న మాట ఏమవుతుంది? “అన్నీ చూసుకుని తీసుకోండమ్మా,” అన్నాను. ఏం చూసుకోవాలో చెప్పలేదు. టీ ఇచ్చి పంపించాను. వాళ్లు పాతిక లక్షలు తీసుకున్నారు, ఇరవై ఏళ్లకు.

ఏడాది దాటాక ఒక మధ్యాహ్నం ఆ అమ్మాయి మళ్లీ వచ్చింది, చేతిలో స్వీటు బాక్సుతో. మా ఆయన అప్పుడే మొదటి షిఫ్టు నుంచి వచ్చి, చెవుల వెనక, కనుబొమల మీద బూడిదరంగు కడుక్కోకుండా గుమ్మంలో చెప్పులు విప్పుతున్నారు.

“వడ్డీ పెరిగిందంటక్కా, మెసేజీ వచ్చింది. భయపడి చచ్చాం. కానీ వాయిదా మాత్రం పెంచలేదు, దేవుడి కృప!” అని నా నోట్లో స్వీటు పెట్టబోయింది.

నేను ఆ చెయ్యి పట్టుకుని ఆపాను. మా ఆయన విప్పిన చెప్పు చేత్తో పట్టుకునే మావైపు తిరిగారు.

“వాయిదా పెంచలేదా? అయితే ఏళ్లు ఎన్ని పెంచారో అడిగావా తల్లీ?” అన్నారు. ఆ పిల్లకు అర్థం కాలేదు. ఆయన గుమ్మం మీదే కూర్చుని, మధ్యమధ్యలో దగ్గు ఆపుకుంటూ మొత్తం చెప్పారు. ఉత్తరం, కానుక కవరు, యాభై ఆరు వాయిదాలు, కాంట్రాక్టరు కింద జీతం. ఒక్కటీ దాచలేదు. “రేపే వెళ్లు. ఏళ్లు పెంచొద్దు, వాయిదానే పెంచమని రాసివ్వండి. కష్టమైనా ఇప్పుడే పడండి. ఏడాదికోసారి పోయి కాగితం తీయించుకుని, కూర్చుని చదువు,” అన్నారు. కూడిక రోజు నోట రాని సాక్ష్యం అది. చెప్పి, లేచి, ముఖం కడుక్కోవడానికి లోపలికెళ్లారు.

ఆ అమ్మాయి స్వీటు బాక్సు మూత పెట్టేసింది. నావైపు తిరిగింది. కోపం లేదు, అదే కష్టం.

“మీరు లెక్కల టీచరు కదక్కా. నేను అడగడానికే వచ్చా కదా ఆ రోజు. మరి ఇదంతా అప్పుడెందుకు చెప్పలేదు?”

లోపల కుళాయి పారుతోంది, దాని మీదుగా ఆయన దగ్గు వినపడుతోంది. ఏదో ఒకటి చెప్పాలని ఎంత వెతికినా నిజం ఒక్కటే దొరికింది.

“అప్పటికే బిర్యానీ పెట్టేశాం అమ్మా,” అన్నాను.