ఒక్క కార్డు మీద ఇద్దరు అతిథులు

ఈ కింద రాయబోయేదంతా అక్షరాలా నిజమని నా లేబర్ కార్డు మీద, నా పనిముట్ల పెట్టె మీద, మస్కట్ జూన్ నెల ఎండ మీద ప్రమాణం చేస్తున్నాను. ఈ మూడింటితో నేను ఎప్పుడూ వేళాకోళం ఆడను. ఒక కాలేజీ జట్టును, ఒక కోచ్ పరువును, ఒక తల్లి రెండేళ్ళ ఆశను కలిపి ఒక్క సాయంత్రంలో ముంచినవాణ్ణి నేను. తుఫానైనా ముందు వార్తల్లో చెప్పి వస్తుంది. నేను చెప్పకుండా వచ్చాను, అదీ టికెట్టు లేకుండా.

అప్పుడు నాకు నలభై ఒక్కేళ్ళు. మస్కట్‌లోనే బౌషర్ వైపు ఒక కాలేజీ ఏసీల పని మా కంపెనీది. ఆ కాలేజీ వాళ్ళు తమ దగ్గర పనిచేసే మాలాంటివాళ్ళ కోసం సాయంత్రం పూట ఇంగ్లీషు క్లాసు పెట్టారు. చేరినవాళ్ళకు ఫోటోతో ఒక కార్డు ఇచ్చారు. దాని మీద మల్లేశం అనే నా పేరు, ఆ పేరు కింద స్టూడెంట్ అనే మాట. పదో తరగతి తర్వాత పుస్తకం ముఖం చూడనివాడికి, సగం నెరిసిన మీసంతో, ఆ మాట చదువుకోవడం ఎలా ఉంటుందో మీకు తెలియదు. కొత్త పెళ్ళికొడుకు ఉంగరం చూసుకున్నట్టు నేను ఆ కార్డు చూసుకునేవాణ్ణి. హమ్రియాలో మా రూమ్‌లో పప్పు తాలింపు వేసేటప్పుడు కూడా అది నా మెడలోనే ఉండేది. ఒకసారి పప్పులో కూడా ఉంది.

"ఏందిరా తమ్మీ, మీసం తెల్లవడ్డంక కాలేజా?" అనేవాడు గంగన్న. నిజామాబాద్ వైపువాడు, తాపీమేస్త్రీ, నాకంటే పదేళ్ళు పెద్ద, నా పక్క మంచం.

"నవ్వు, నవ్వు. ఈ కార్డుంటే ఏమేం ఫ్రీయో తెల్సా నీకు? లైబ్రరీ ఫ్రీ. నీళ్ళు ఫ్రీ. శుక్రవారం బేస్‌బాల్ మ్యాచ్ ఫ్రీ. బయటోళ్ళకు ఎంట్రీనే లేదు. స్టూడెంట్‌కు ఉంది, స్టూడెంట్ ఎంబడి వచ్చే గెస్ట్‌కు ఉంది."

"గదేం ఆట?"

గదేం ఆటో నాకూ తెలియదు. అయినా, "మస్తుగుంటది గంగన్నా. ఈ శుక్రవారం నువ్వే నా గెస్ట్‌వి" అని మాట ఇచ్చేశాను. ఆ రోజు నుంచి గంగన్న సైటులో కనబడిన ప్రతివాడికీ, తాను కాలేజీకి పోతున్నానని చెప్పాడు.

ఇక్కడితో ఆగి ఉంటే ఇది రాయాల్సిన అవసరమే లేదు. గురువారం మధ్యాహ్నం సుజాతక్క ఫోన్ చేసింది.

సుజాతక్క కాకినాడ దగ్గరి మనిషి. ఒక ఆసుపత్రిలో నర్సు. వాళ్ళ ఫ్లాటులో ఏసీ బాగుచేయడానికి వెళ్ళినప్పుడు తెలుగు మాట వినబడి, నాకు పెరుగన్నం పెట్టి, ఆ రోజు నుంచీ తమ్ముడూ అని పిలుస్తోంది. భర్త సలాలా పోర్టులో పని. కొడుకు డేనియల్ ఆ కాలేజీలోనే చదువు, ఆ బేస్‌బాల్ జట్టులో బంతి విసిరేది వాడే.

"తమ్ముడూ, మావాడు రెండేళ్ళ నుంచి ఆడుతున్నాడు. ఒక్క ఆట చూడలేదు నేను. ప్రతి శుక్రవారం డ్యూటీయే. రేపు వాడి ఆఖరి మ్యాచ్, ఇంక చదువైపోతుంది. తోటి నర్సును బతిమాలి డ్యూటీ మార్చుకున్నాను. తీరా చూస్తే బయటివాళ్ళను రానివ్వరంట. ఆడే పిల్లల కార్డులు ఆ రోజు కోచ్ దగ్గరే ఉంటాయంట, వాడు నన్ను తీసుకెళ్ళలేడు. నీకు కార్డు ఉందని అన్నావు కదా?"

బుర్ర ఉన్నవాడు ఏమంటాడు? ఒక్క కార్డుకు ఒక్క అతిథే, ఆ అతిథి గంగన్న, కాబట్టి గంగన్నతో మాట్లాడి చెబుతాను అంటాడు. నేను ఏమన్నానో వినండి.

"అరే, గదెంత పని అక్కా! నాలుగింటికి స్టూడెంట్ గేటు కాడికి వచ్చెయ్. నేనున్న కదా."

ఇద్దరిలో ఎవరికీ రెండోవారి సంగతి చెప్పలేదు. ఏదో ఒకటి జరుగుతుందిలే అని పడుకున్నాను. జరిగింది కూడా.

శుక్రవారం నాలుగింటికి గేటు ముందు ఒక పక్క సుజాతక్క, రాత్రి డ్యూటీ చేసి ఇంటికి వెళ్ళి చీర మార్చుకుని వచ్చిన ముఖంతో, చేతిలో టిఫిన్ డబ్బాతో. ఇంకో పక్క గంగన్న, తెల్లచొక్కా, నున్నగా దువ్విన నూనె తల, చంకలో వేయించిన పల్లీల సంచి. మధ్యలో మెడలో కార్డుతో నేను. గేటు దగ్గర పఠాన్ సెక్యూరిటీ, వేసవిలో గాలి కూడా తన అనుమతి తీసుకునే వీస్తుందన్నట్టు నిలబడ్డాడు.

"ఏక్ కార్డ్, ఏక్ మెహమాన్" అన్నాడు. ఒక కార్డుకు ఒక అతిథి. ఒక వేలు చూపించాడు, హిందీ రానివాడికి కూడా అర్థమయ్యేలా.

సుజాతక్క ముఖం వాడిపోయింది. "ఫర్వాలేదు తమ్ముడూ, ఆయన్ని తీసుకెళ్ళు. నేను ఇక్కడే కూర్చుంటాను. అరుపులైనా వినబడతాయి కదా."

"గట్లెట్లక్కా? నువ్వే పో, నేను పోత బస్సుల రూమ్‌కు" అన్నాడు గంగన్న. అనడమైతే అన్నాడు గానీ పల్లీల సంచి గట్టిగా పట్టుకున్నాడు. సైటులో అరవైమందికి చెప్పి వచ్చినవాడు ఏం ముఖం పెట్టుకుని తిరిగి వెళ్తాడు?

అప్పుడు నా నోటి నుంచి ఒక మాట ఊడిపడింది. నేను పంపలేదు, దానంతట అదే వెళ్ళింది.

"ఈమె నా గెస్ట్ భాయ్. ఈయన గెస్ట్ కాదు. టీమ్ ప్లేయర్."

సెక్యూరిటీ గంగన్నను తల నుంచి రబ్బరు చెప్పుల దాకా చూశాడు. చెప్పుల నుంచి మళ్ళీ పొట్ట దాకా వచ్చి అక్కడ ఆగాడు.

"యే? ప్లేయర్?"

"సీనియర్ ప్లేయర్" అన్నాను నేను, చావు కబురు చెబుతున్నంత గంభీరంగా.

ఆ మనిషి నవ్వుతాడనుకున్నాను. తిడతాడనుకున్నాను. వాడు చేతులు జోడించినంత పని చేశాడు. "అల్లా కా షుకర్! కోచ్ అరగంట నుంచి ఫోన్ చేస్తున్నాడు. ఒక ప్లేయర్‌కు కాలు బెణికింది, ఎనిమిది మందే ఉన్నారు, తొమ్మిదో మనిషి లేకపోతే మ్యాచ్ ఖలాస్ అంట. యల్లా, యల్లా!"

అలా గంగన్న చెయ్యి పట్టుకుని నేరుగా గ్రౌండులోకి ఈడ్చుకుపోయాడు. పల్లీలు దారి పొడుగునా రాలాయి. వెనకాల నేను. నా వెనకాల, ఏమీ అర్థంకాక సుజాతక్క.

కోచ్ ఫిలిప్పీన్స్ మనిషి. పొట్టిగా ఉంటాడు, మాట మాత్రం పొడుగు. గంగన్నను చూసి టోపీ తీసేశాడు. గౌరవంతో కాదు, చెమట తుడుచుకోవడానికి.

"కార్డ్?" అన్నాడు.

గంగన్న నా వైపు తిరిగి, తెలుగులో, నిదానంగా అన్నాడు. "మల్లేశం, మనం రూమ్‌కు పోయినంక నీ పని చెప్త."

ఇంకేం చేయను? ముందుకు వెళ్ళి, క్లాసులో నేర్చిన ఇంగ్లీషంతా కూడగట్టుకుని, "సర్, హి నో స్టూడెంట్. మిస్టేక్. ఐ స్టూడెంట్" అని నా కార్డు చూపించాను. గంగన్నను విడిపించాలన్నదే నా ఉద్దేశం.

కోచ్ కార్డు చూశాడు. నన్ను చూశాడు. మళ్ళీ కార్డు చూశాడు. దూరంగా ఎనిమిది మంది కుర్రాళ్ళు, వాళ్ళలో డేనియల్, నిలబడి ఇటే చూస్తున్నారు. అవతలి కాలేజీ జట్టు సంచులు సర్దుకోవడం మొదలుపెట్టింది. సుజాతక్క టిఫిన్ డబ్బాను రెండు చేతులతో గుండెకు హత్తుకుని నిలబడింది.

"స్టూడెంట్" అన్నాడు కోచ్. "గుడ్. యూ ప్లే."

"యెస్ సర్" అన్నాను.

పదిహేనేళ్ళ గల్ఫ్ బతుకులో నేను పట్టిన చెడ్డ అలవాటు ఇదొక్కటే. ఎదుటివాడు ఇంగ్లీషులో ఏం చెప్పినా, అర్థమైనా కాకపోయినా, యెస్ సర్ అంటాను. ఒకసారి ఫోర్‌మన్ ఉద్యోగం మానేస్తావా అని అడిగితే కూడా అన్నాను.

ఇలా గంగన్న గ్యాలరీలో సుజాతక్క పక్కన కూర్చుని పల్లీలు వొలుచుకున్నాడు. నేను ఇరవై ఏళ్ళ కుర్రాడి చొక్కాలో ఇరుక్కుని ఎండలో నిలబడ్డాను.

డేనియల్ పరుగున వచ్చాడు. "అంకుల్, మీరు ఆ చివర నిలబడండి. అటు బంతి రాదు. వస్తే పట్టుకోండి. పట్టుకోలేకపోతే అడ్డం పడండి. ప్లీజ్ అంకుల్, అమ్మ వచ్చింది ఈ రోజు."

తోలు గ్లౌజు ఒక్కటే ఇచ్చారు. ఒక్కటే గ్లౌజు ఇస్తే పనిచేసే చేతికి తొడుక్కోవాలి, ఇది ఏ సైటులోనైనా మాకు మొదటి రోజు చెప్పే మాట. కాబట్టి కుడిచేతికి తొడిగాను. ఎడమచేతికి తొడుక్కుని కుడిచేత్తో విసరాలని తెలిసేసరికి, పట్టిన ఒకే ఒక బంతిని ఎడమచేత్తో విసిరేశాను. అది మా కోచ్ కాళ్ళ దగ్గర పడింది. ఆయన ఆటలో లేడు.

అయినా డేనియల్ ఆడాడు. వాడు బంతి వదిలితే అవతలివాళ్ళ బ్యాట్లు గాలిని నరుకుతున్నాయి. సుజాతక్క మొదటి బంతి నుంచి ఆఖరి బంతి దాకా రెప్ప వేయకుండా చూసింది.

ఆఖరి వంతు వచ్చింది. మేం ఒక్క పరుగు వెనక. ఇంకొక్కరు ఔటయితే ఆట అయిపోతుంది. నాలుగు మూలలా నాలుగు తెల్లటి మెత్తలు ఉంటాయి, చుట్టూ తిరిగి అన్నీ తాకి వస్తే ఒక పరుగు. బ్యాటు పట్టినవాడు నిలబడే ఆఖరి మెత్తను వాళ్ళు ఇల్లు అంటారు. డేనియల్ మూడో మెత్త మీద ఉన్నాడు. వాడు ఇంటికి రావాలంటే ఎవరో ఒకరు బంతి కొట్టి మొదటి మెత్త చేరాలి. ఆ ఎవరో ఒకరు, మీరు ఊహించినట్టే, నేను.

కోచ్ నా భుజాలు పట్టుకుని గుక్క తిప్పుకోకుండా చెప్పాడు. కొట్టు, బ్యాటు పడెయ్, కుడివైపు మెత్తకు పరుగెత్తు.

"యెస్ సర్" అన్నాను.

కళ్ళు మూసుకుని ఊపాను. టక్ మంది. కళ్ళు తెరిస్తే బంతి నా ముందు, కోడిపిల్లలా నెమ్మదిగా దొర్లుతూ పోతోంది. డేనియల్ ఇంటివైపు దూసుకొస్తున్నాడు. ఇక నాలో నాలుగేళ్ళ వయసు నుంచి క్రికెట్ ఆడిన మల్లేశం లేచాడు. బ్యాటు గట్టిగా పట్టుకుని, కుడివైపుకు కాదు, నేరుగా, బంతి విసిరే కుర్రాడి మీదికే పరుగెత్తాను.

పాపం ఆ కుర్రాడు ఏమనుకున్నాడో. తెల్లమీసంవాడొకడు కట్టె పట్టుకుని కేకలు పెడుతూ మీదికి వస్తుంటే ఎవరైనా ఏం చేస్తారు? బంతి వదిలేసి పారిపోయాడు. నేను వాడు నిలబడ్డ చోట బ్యాటు ఆనించి, వెనక్కి తిరిగి, "రెండు! రెండు!" అని అరుస్తూ రెండో పరుగుకు బయలుదేరాను. మైదానమంతా లేచి నా వైపు చేతులు ఊపింది. నా కోసమే అనుకున్నాను. నా కోసమే, కాకపోతే వేరే రకం.

ఈలోగా మొదటి మెత్త దగ్గరివాడు తీరిగ్గా నడిచివచ్చి, బంతి తీసుకుని, తీరిగ్గా వెళ్ళి తన మెత్త మీద కాలు పెట్టాడు. నేను ఔట్. నేను ఔటయితే డేనియల్ పరుగు కూడా చెల్లదట. ఖలాస్.

"అంకుల్" అన్నాడు డేనియల్, నా చేతిలోని బ్యాటు మెల్లగా విడిపిస్తూ. "ఇది ఎందుకు తీసుకెళ్ళారు?"

"సైటుల సామాను కింద పారేసి పోతే ఫోర్‌మన్ ఊకుంటడా బాబూ?"

కోచ్ నా కార్డు అడిగి తీసుకుని, ఇంకోసారి చదివి, స్టూడెంట్ అనే మాట మీద వేలితో రుద్ది చూశాడు. అది చెరగలేదు.

కాబట్టి ఈ పత్రం ద్వారా ప్రతిజ్ఞ చేస్తున్నాను. ఇకముందు ఒక్క కార్డు మీద ఒక్క అతిథినే పిలుస్తాను. గేటు దగ్గర ఎవరినీ ప్లేయర్ అనను. గుండ్రటి బంతి ఏదైనా నా వైపు దొర్లితే ముఖం తిప్పుకుంటాను, అది నిమ్మకాయ అయినా సరే.

మొదట్లో చేసిన ప్రమాణం విషయంలో ఒక్క దిద్దుబాటు ఉంది. అంతా నిజమే, ఒక్కటి తప్ప. సుజాతక్క రెప్ప వేయకుండా చూసిందని రాశానే, అది కల్పితం. అక్క నిద్రపోయింది. రాత్రంతా డ్యూటీ చేసి వచ్చిన మనిషి, కూర్చున్న పది నిమిషాలకే గంగన్న భుజం మీద తల వాల్చేసింది. గంగన్న కదల్లేదు. చప్పుడవుతుందని పల్లీలు వొలవడం కూడా మానేశాడు. ఆట అయ్యాక కొడుకు వచ్చి "అమ్మా, చూశావా?" అంటే, "అంతా చూశాను నాన్నా" అంది. ఆమె మాట నిలబెట్టడానికి ఇన్నేళ్ళూ నేనూ, గంగన్నా అదే చెబుతూ వచ్చాం.

పోయిన నెల డేనియల్ కొత్త ఫ్లాటులో ఏసీ పెట్టడానికి వెళ్ళి, వాడికీ అదే చెప్పాను. వాడు నవ్వాడు. "అంకుల్, నేను బంతి విసిరే చోటుకు గ్యాలరీ ఎదురుగానే కదా. అమ్మ పడుకుందని నాకు తెలుసు. లేస్తుందని మావాళ్ళను అరవొద్దన్నాను. అందరూ ఒప్పుకున్నారు. మీకు చెప్పడం మర్చిపోయాను."

అదీ సంగతి. ఆమెను లేపింది నా కేకలే. కళ్ళు తెరిచేసరికి ఆమెకు కనబడింది ఒక్కటే, కొడుకు గాల్లోకి ఎగిరి ఇంటి మెత్త మీదికి దూకడం. రెండేళ్ళలో ఆమె చూసిన ఆట అంతే. ఇప్పటికీ ఇంటికి వచ్చిన ప్రతివాళ్ళకూ, మావాడు ఆఖర్న ఆ పరుగు తీసి గెలిపించాడండీ అని చెబుతుంది.

ఆ పరుగు చెల్లలేదని ఆమెకు ఎవరూ చెప్పలేదు. మీరూ చెప్పకండి.